కాలువ కట్టేసిన నెల

రాజోలు బస్టాండు వెనక, సైకిల్ షాపు మీద
పన్నెండు మెట్లెక్కితే దేవదానం గారి రికార్డింగు గది.
గోడలకి అంబాజీపేట కొబ్బరి పీచు,
కప్పుకి గుడ్ల అట్టలు,
తలుపుకి ఎవరిదో పెళ్లినాటి పరుపు.
లోపలికెళ్తే మన గొంతు మనకే కొత్త.
నా పని పెన్సిలు దూర్చి టేపు బిగించడం,
టేకు మొదలయ్యే ముందు కిందికి పరిగెత్తి
"కాసేపు గాలి కొట్టకండి బాబూ" అని చెప్పి రావడం.

ఏటిగట్టు క్యాసెట్లు.
శ్రమదినాల పాటలు, బుర్రకథలు, జాతరలో గరగ డప్పులు.
ఊడుపు పాట పాడమంటే సిగ్గుపడి
మైకుకి వీపు తిప్పేసింది శివకోడు మంగాయమ్మ.
ఆ వీపు మీంచే తీసుకున్నాడాయన పాటంతా.
"ఎదురుగా నిలబడితే గొంతు అబద్ధమాడుద్దిరా" అన్నాడు.

మేం వెయ్యి అమ్మితే దొంగ కాపీలు పదివేలు.
తాటిపాక సంతలో ఒకడు
ఆయన క్యాసెట్టు ఆయనకే ఎనిమిది రూపాయలకి బేరం పెట్టాడు.
కొన్నాడు. గదికొచ్చి రెండు వైపులా విన్నాడు.
"మనకన్నా బాసు బాగా పెట్టాడు ఎదవ" అని నవ్వాడు.
ఆ రాత్రి క్యారేజీ విప్పలేదు.

తొలి సినిమాకి వాయిద్యాలకి డబ్బుల్లేవు.
సఖినేటిపల్లి రేవులో పంటి ఇంజను
ఒడ్డు వదిలే ముందు తడబడే మూడు దెబ్బలు
గొడుగు కింద దాచిన మైకుతో పట్టి
సగం వేగానికి సాగదీశాడు.
తెర మీద ఇసుక దిబ్బలు, ఒంటె మీద శవం.
చూసేవాడి కడుపులో వణుకు, ఎందుకో తెలీదు.
నర్సాపురం హాల్లో సరంగు ఒక్కడే లేచి
"ఒరేయ్, అది నా బండిరా!" అని అరిచాడు.
అందరూ కూర్చోమన్నారు.

నాలుగు సినిమాలకి పేరు వేరే వాళ్లది.
అయిదో దానికి తెర మీద 'దేవనాథం' అని పడింది.
పొరపాటో, కావాలనో.
దిద్దించమని నేను గొడవ పెడితే
హెడ్‌ఫోన్సు చెవులకి తగిలించుకున్నాడు.

మద్రాసులో ఎన్నేళ్లున్నా
వేసవిలో కాలువలు కట్టేసే నెలకి దిగిపోయేవాడు.
లాకు తలుపులు దించాక, మట్టగిడసల కోసం
బురద కలిపిన పిల్లలు ఇళ్లకి పోయాక
కాలువ అడుక్కి దిగి రాత్రంతా టేపు తిప్పాం.
తెల్లారి విన్నాను. ఏమీ లేదు.
"మళ్లీ విను."
బురద పెచ్చులు కట్టే చిన్న చిటపట,
గట్టు మీద కొబ్బరాకు ఒకసారి,
ఆ తర్వాత
నీళ్లు ఉండాల్సిన చోట నీళ్లు లేకపోవడం.

పాతికేళ్ల తర్వాత వాడాడు దాన్ని.
ఆసుపత్రి వసారాలో ఒకామె
కాగితం మీద వేలిముద్ర వేసే దృశ్యం.
బుక్ చేసిన నలభై వయొలిన్లకీ కూలి ఇచ్చి
భోజనాలు పెట్టి పంపేశాడు.
నిర్మాత ఊగిపోయాడు: "ఇక్కడ మ్యూజిక్ ఏదయ్యా?"
"ఆయ్, ఉందండి. కాలువ కట్టేశాం."

ఇప్పుడా గదిలో సెల్‌ఫోన్లకి అద్దాలు అతికిస్తున్నారు.
పీచు పీకేశారు, మేకుల బొక్కలున్నాయి.
ఆయన పోయిన ఏడాది
ఆ సినిమా మళ్లీ వేస్తే వెళ్లాను,
నా లెక్క నాకుండి.

ఆ రాత్రి కాలువలో, మూడో గంటలో
నాకో తుమ్ము వచ్చింది. ఆయన తిట్టాడు.
కోసేసుంటాడనే అనుకున్నాను ఇన్నాళ్లూ.

ఆమె బొటనవేలు సిరాలో ముంచింది.
హాలంతా ఊపిరి బిగబట్టింది.
ఎక్కడో చాలా దూరంగా, గట్టు అవతల నుంచన్నట్టు,
చిన్న తుమ్ము.

పక్క సీటాయన విసుగ్గా నావైపు చూశాడు,
నేనే తుమ్మాననుకుని.