మౌనం, ఏడు సెకన్లు

కిసుములో బస్టాండు వెనక
రెండో అంతస్తులో నా ఉద్యోగం:
ఒకరి గొంతు చెవిలో పోసుకుని
వేళ్ళతో బయటికి తోడటం.

గొంతులకు పేర్లుండవు, నంబర్లుంటాయి.
ఎవరైనా పొరపాటున పేరు పలికితే
అక్కడ గీత గీసి ముందుకు పోవాలి.
రేవు పేరొస్తే గీత.
పడవ పేరొచ్చినా గీతే అని
సూపర్‌వైజర్ ఒమూగా ఓ రోజు పనిగట్టుకుని వచ్చి చెప్పాడు.
ఈ సరస్సు మీద
పడవ తెలిస్తే మనిషి తెలిసినట్టేనట.

పెదవి దాటితే పృథివి దాటుతుంది.
దాటకుండా ఆపే చెక్‌పోస్టు నేను,
నెల జీతం మీద.

నాలుగు వందల పదిహేడు. ఆడ గొంతు.
వెనకాల రేకు మీద వాన.
"గత మూడు నెలల్లో ఎంతమందితో?"
"ఎన్ని బుట్టలమ్మానో అడుగు, చెబుతాను."
నవ్వింది. నవ్వు చివర చిన్న దగ్గు.
"డబ్బు అందరూ ఇస్తారు తల్లీ.
తెల్లారి మొదటి బుట్ట ఎవరికివ్వాలో
పడవవాడు డబ్బు చూసి తేల్చడు."
"అప్పుడు కండోమ్ వాడమని అడగగలిగారా?"

ఇక్కడ నేను టైపు చేసింది:
మౌనం, ఏడు సెకన్లు.

మూడుసార్లు వెనక్కి తిప్పి విన్నాను.
ఆ ఏడింటిలో వాన కాస్త నెమ్మదించింది.
ఎవరో పిల్లాడు ఏదో అడిగి, జవాబు రాక వెళ్ళిపోయాడు.
ఆమె ఊపిరి లోపలికి తీసుకుంది.
వదలటం వినపడలేదు.
ఇవి రాయడానికి గడి లేదు.
రిపోర్టులో ఈమె ఒక శాతంలో కలిసిపోతుంది.
శాతం వద్దని అనను,
అది చూపించే కదా రేవులో క్లినిక్ తెరిపించారు,
వారానికి రెండు రోజులైనా.

ఆదివారం సంతలో
ఎండిన ఒమెనా కుప్ప ముందు ఆగి
"డబ్బా ఎంత?" అన్నాను.
నవ్వింది. చివర చిన్న దగ్గు.

ఇన్నాళ్ళూ నా చెవిలో కాపురమున్న మనిషికి
ముక్కు పక్కన పుట్టుమచ్చ ఉంది.
నడుముకు పసుప్పచ్చ లేసో గుడ్డ ఉంది,
తెగిన చెప్పుకు కట్టిన నైలాను దారం ఉంది.
పక్క కొట్టావిడ ఆమెను పేరు పెట్టి పిలిచింది.
లోపల్లోపలే గీత గీశాను.
గీత కింద నుంచి పేరు కనిపిస్తూనే ఉంది.

బేరం ఆడలేదు. అదే నేను చేసిన తప్పు.
బేరమాడని మనిషిని సంత గుర్తుపెట్టుకుంటుంది.
డబ్బా నింపి, పైన గుప్పెడు కొసరేసి,
నా మొహంలోకి చూసింది.
"నన్నెక్కడైనా చూశావా, పిల్లా?"

చూడలేదు. నిజమే అది.
అయినా నోరు పెగల్లేదు.

ఈగలు లేచి మళ్ళీ కుప్ప మీద వాలాయి.
ఎవరి రేడియోలోనో వాతావరణం చదువుతున్నారు.
ఆమె చిల్లర లెక్కపెట్టడం ఆపి
ఎదురుచూసింది.