జి–14 మీటరు

సెల్లార్ల, మెట్ల కింద నా గది.
గోడ నిండ మీటర్లు, అరవై రెండు.
పైన ఎవరు మునిగిన్రో ఎవరు తేలిన్రో
అందరికన్న ముందు నాకే ఎరుక,
చక్రం మీది ఎర్ర గీత తిరిగే తీరును బట్టి.

పునాది తవ్విననాడే పనిల చేరిన.
కుషాయిగూడల అప్పటికి ఇది ద్రాక్షతోట.
జేసీబీ పండ్లకు చుట్టుకున్న తీగెలు
రెండు రోజులు పచ్చగనే ఉన్నయి.

ఎస్కలేటర్ మొదలువెట్టిననాడు
చర్లపల్లి నుంచి వచ్చిన ముసలమ్మ ఒకామె
చెప్పులు కింద విడిచి, మెట్టుకు మొక్కి ఎక్కింది.
పైకి చేరినంక చెప్పులు యాదికొచ్చినయి.
దిగే ఎస్కలేటర్ మాకు ఎన్నడు లేదు.
నేనే తీస్కపోయి ఇచ్చిన.

జి–14 మీటరు మీద స్టిక్కర్ల మీద స్టిక్కర్లు,
ఉల్లిగడ్డ పొరల లెక్క.
గోరుతోటి గీకితే
అన్నిటికన్న అడుగున ముక్తార్ భాయి.

ఆయన దుకాణంల గడియారాలన్నీ పదీ పది చూపించేటివి,
ఒక్కటి తప్ప.
ఆ ఒక్కదాన్ని చూసే షట్టర్ దించేటోడు.
జేబుల ఫోన్లు వచ్చినంక
టైము అడిగేటోడే కరువాయె.

తర్వాత కృపాకర్ సీడీలు. బిల్లు మూడింతలు.
కొత్త పాటొస్తే నా గోడకు గుండెదడ.
ఆ తర్వాత ఫోన్లకు తొడిగే కవర్లు, ఏడాది సుత నిలవలె.
ఆ మీద ఫిలోమినా పార్లర్.
మాఘమాసం ముహూర్తాలొస్తే ఫ్యూజు పోవుడు ఖాయం.
సగం ఆరిన జుట్టుతోటి ఒక పెండ్లిపిల్ల
ఈ మెట్ల మీద నిలబడి నన్ను తిట్టిన తిట్లు
ఇంకా ఈడనే ఎక్కడనో ఉన్నయి.

మొదటి అంతస్తుల చీరల దుకాణం సంగతి వేరు.
‘మూసేస్తున్నం, ఆఖరి రోజులు’ అన్న బ్యానరు
పదకొండేండ్లు కట్టి ఉండె.
నిజంగ మూసిననాడు ఎవ్వరు నమ్మలె.
పొద్దుగాల ముగ్గురు ఆడోళ్లు
షట్టర్ ముందు పగటిదాక కూసున్నరు.

ఉప్పల్ దిక్కు పెద్ద మాల్ లేచినంక
మా ఏసీ సాయంత్రాలకే నడిచె,
తర్వాత ఆదివారాలకే,
తర్వాత ఓనర్ బామ్మర్ది వచ్చినప్పుడే.

లాక్‌డౌన్ల అన్ని చక్రాలు ఒక్కపారే ఆగినయి.
ఆ చప్పుడు, అంటే చప్పుడు లేకపోవుడు,
చెవులల్ల నీళ్లు పోయినట్టుండె.
నాలుగో దినం చూస్తే ఒక్కటి తిరుగుతనే ఉన్నది,
ఐస్‌క్రీం ఫ్రిజ్. స్విచ్ ఆపుడు ఎవరో మర్చిపోయిన్రు.
ఎవలు రారని తెల్వక
నలభై దినాలు చల్లగ పెట్టుకొని కూసున్నది.
పిస్తావి నేను తిన్న.
ఇది మాత్రం ఎవరికి చెప్పకుండ్రి.

ఇప్పుడు కింద మొత్తం ఒక్కటే దుకాణం.
నడుమ గోడలు తీసేసిన్రు.
గిరాకీలు లోపలికి రావొద్దని బోర్డు.
ఉప్పు పది నిమిషాలల్ల, చెప్పులు పన్నెండు,
నాసిక్ ద్రాక్ష డబ్బాలు నెత్తి దాక.
అరవై రెండు మీటర్లు పీకి ఒక్కటి బిగించిన్రు.
దానికి చక్రం లేదు, ఎర్రలైటు మిటుకుతది అంతే.
ఇంత కరెంటు ఈ బిల్డింగు ఎన్నడు తాగలె.
ఇంత తక్కువ మనుషులను సుత ఎన్నడు చూడలె.

జి–14 మాత్రం నా ట్రంకు పెట్టెల ఉన్నది.
చెత్తల పడేయమన్నరు. పడేస్తనన్న.

ఆగిపోయిన ఎస్కలేటర్ మెట్ల మీద
ఆసిఫాబాద్ పిల్లగాడు జంగు
హెల్మెట్ ఒళ్లె పెట్టుకొని టిఫిన్ తింటుండె.
‘అన్నా, ముందు ఈడ ఏముండె?’ అన్నడు.

‘ఏ ముందురా?’ అన్న నేను.

ఫోను కూసింది.
సగం ఇడ్లీ నా చేతిల పెట్టి
మెట్లు రెండు రెండు దుంకుకుంట దిగి పోయిండు.