తొమ్మిదోది

నలభై మూడో నిమిషం దగ్గర
ఆమె తలుపు తీస్తుంది.
అవతల ఏమీ లేదు.
ఆ ఏమీ లేనిదానికి నేను చప్పుడు కట్టాలి.

జ్ఞానాపురంలో మేడ మీద గది.
గోడలకి గుడ్ల అట్టలు, కిటికీకి రెండు బొంతలు.
అయినా ఖనిజం బండి వెళ్తే
కీబోర్డు మీద టీ గ్లాసు
తనంతట తానే సన్నగా మూలుగుతుంది.
దాన్ని కూడా వాడుకున్నాను, మొదటి రీలుకి.

వన్‌టౌన్‌లో పాత గోదాము గొళ్ళేన్ని
ఆరింతలు నెమ్మది చేసి ఏడిపించాను.
ఐసు ఫ్యాక్టరీలో గడ్డ పగిలే చప్పుడు
ఎముకలకి పనికొచ్చింది.
భానోజీరావు మాస్టారిని
కమానుకి రోజిన్ రాయకుండా వయొలిన్ గీకమంటే
"నలభై ఏళ్ళు సాధన చేసింది ఇందుకా నాయనా" అన్నారు.
అని, గీకారు.
గొప్పగా గీకారు.

ఫోన్లో త్రినాథ్: "భయం చాల్లేదన్నా.
ఒక్కసారి ఢామ్మనిపించు, చాలు."
ఢామ్మంటే ఉలిక్కిపడతారు త్రినాథూ,
ఉలికిపాటు పాప్‌కార్న్‌తో పాటే అరిగిపోద్ది.
ఇంటిదాకా వెంట వెళ్ళేది కావాలి నాకు,
బాత్రూం లైటు వెయ్యబోతూ
చెయ్యి ఆగేది.

తెల్లారి నాలుగింటికి రికార్డరు పట్టుకుని
పెద జాలారిపేట ఇసుకలోకి దిగాను, అలల కోసం.
అలలకి ఆడాళ్ళ మాటలు అడ్డొచ్చాయి.
ఆ మాటలు కూడా ఉన్నట్టుండి ఆగాయి.
చీకట్లో మాసేనమ్మ
వేళ్ళ కణుపుల మీద బొటనవేలు జరుపుతోంది.

"ఏటి లెక్కెడతన్నావమ్మా?"

"ఇంజన్లు బాబూ. రాత్రి తొమ్మిది ఎల్లాయి.
మావోడిది దగ్గుద్ది, ఎర్రయ్యది ఈలేస్తది,
ఎవుల్దేదో చెవికి తెలిసిపోద్ది.
ఇప్పుడు మాటాడకు."

ఎనిమిది వచ్చాయి.

తొమ్మిదోది కూడా వచ్చింది, గంటన్నర తర్వాత,
ప్రొపెల్లరుకి వల చుట్టుకుందట,
ఇంజను చప్పుడు లేకుండా, తెడ్లేసుకుంటూ.
అందరూ వాణ్ణి తిట్టుకుంటూ బుట్టలెత్తారు.
ఆ గంటన్నర మాత్రం
నా రికార్డర్లో ఉండిపోయింది.

గదికొచ్చి అన్నీ చెరిపేశాను, గొళ్ళేన్నీ ఐసునీ.
మాస్టారిని పారెయ్యడానికి మనసొప్పక
చివర్లో ఒక్క గీతగా ఉంచాను.
అడుగున, గుండె కంటే కిందుగా,
తొమ్మిది దెబ్బలు. మళ్ళీ తొమ్మిది. మళ్ళీ తొమ్మిది.
చూసేవాడికి వినపడవు, అలవాటవుతాయి.
ఆమె తలుపు తీసినప్పుడు
ఎనిమిది.

"ఇక్కడ మ్యూజిక్ పడలేదన్నా" అన్నాడు త్రినాథ్.
కాసేపాగి, "ఇంకోసారి ఎయ్యి" అన్నాడు.
ఫోన్లో, అటువైపు, స్విచ్చు నొక్కిన చప్పుడు.

చేపలమ్ముతూ మా వీధికొచ్చిన మాసేనమ్మని
మేడ మీదికి పిలిచి హెడ్‌ఫోన్ పెట్టాను.
దెయ్యం బొమ్మంటే నవ్వింది.
తెరవైపు చూడనే లేదు.
బొటనవేలు కణుపుల మీద దానంతటదే నడిచి
ఒకచోట ఆగింది.

"ఎవుల్ది రాలేదు బాబూ?"

నా దగ్గర జవాబు లేదు.
బుట్ట నెత్తికెత్తుకుని గబగబా మెట్లు దిగిపోయింది.
అర కిలో కానాగంతల డబ్బులు
అడగనే లేదు.