మోటగొట్టిన గొంతు

దేవరకొండల సొసైటీ గోదాము గోడకు
సున్నమేసి మూడు దినాలే అయింది.
డ్రాయింగు సారు పట్నంకెల్లి తెచ్చిన రేకు డబ్బాలల్ల
జపాను సినిమ. మాటల్లేవు, పాటల్లేవు.
నడుమ నడుమ నల్లటి అట్ట మీద
చీపురు పుల్లలు చల్లినట్టు అచ్చరాలు.

“ఆ దేశంల తెర పక్కకు ఒక మనిషి కూసొని
అందరి మాటలు తనే చెప్తుండెనట” అన్నడు సారు.
ఇక్కడెవరు చెప్తరు?
అందరం ముత్తిలింగం దిక్కు చూసినం.

గొంతే ఆయన ఆస్తి.
చింతబాయి మీద ఇరవై ఏండ్లు మోట గొట్టిండు.
కట్టె ముట్టకుండ, ఉత్త పాటతోనే
ఎడ్లను ఎనుకకు నడిపిచ్చెటోడు.
తొండం తొట్ల కుమ్మరిచ్చెటాల్లకు
పాట ఒక మెట్టు దిగేది.
ఆ దిగుడు ఇని
ఆడ, కంటికి ఆనని మడికాడ
సాలమ్మ పారతోని మడువ తిప్పేది.
ఇద్దరు దగ్గరికొచ్చి మాట్లాడంగ
ఎవ్వరూ చూడలే.

కరెంటు మోటరు పెట్టిన నాడు
ఊరంత టెంకాయలు కొట్టింది.
ముత్తిలింగం కూడ ఒకటి కొట్టిండు.
మోకు పాయలు ఇప్పి మంచం అల్లుకున్నడు.
సాలమ్మ మిర్యాలగూడ దిక్కు పోయిందన్నరు,
మిల్లుల బియ్యం చెరగ.

గోడ మీద పిల్ల నాట్లేస్తుంది.
టోపి పిలగాడు గొలుసు పట్టి పొలం కొలుస్తుండు,
రైలొస్తదని.
ముత్తిలింగం మస్తు చెప్పిండు:
టోపోనికి పట్వారి గొంతు,
పిల్ల తండ్రికి దగ్గు,
రైలింజనుకైతే పొగతో సహా.
పిలగాండ్లు నేల మీద పొర్లి నవ్విండ్రు.

ఆఖరికి టేషను. పిల్ల నిలవడ్డది.
బండి కదిలింది. పెదవులు కదిలినై.
నల్ల అట్ట వచ్చింది, మూడే అచ్చరాలు.
ఆయన చెప్పలే.
మిషిను తిరుగుతున్న చప్పుడు, గిరక లెక్క.
అట్ట పోయింది, పిల్ల మొఖం వచ్చింది,
చెప్పలే.
సారు మోచేత్తోని పొడిచిండు.

అప్పుడు ఎత్తుకున్నడు —
ఓ... మైలోడా, ఎనుకకు...
ఎనుకకు రా కొడుకా...

“కథల ఎడ్లేడియయ్యా!”
సారు తల కొట్టుకున్నడు.

నేను డబ్బాల కాపలాకు ఎనుక కూసున్న.
ఆడోళ్ల నడుమ ఒక ముసలి కాలు
చెప్పు ఇడిసి, దుమ్ముల
అడ్డంగ ఒక గీత గీసి
మళ్ల చెరిపింది.
ఎవరిదా అని మొఖం చూద్దామంటే
రీలు తెగి
గోడంత తెల్లగయింది.
అందరు ఒక్కటే సారి లేచిండ్రు,
నీడలు నీడలు.