బువ్వ సల్లారుతుంది

నకిరేకల్ బస్టాండ్ ఎనుక
లింగోజి రికార్డింగ్ సెంటర్ల
స్పిరిట్ల దూది ముంచి హెడ్డు తుడిసుడు నా పని.
అరవై నిమిషాల క్యాసెట్‌ల ఇరవై రెండు పాటలు పట్టాలె.
"చరణాలు తీసెయ్‌రా,
ఏడుపంతా ఆడనే ఉంటది" అనేటోడు.

ఒక పాట గడప దాటకముందే
ఇంకో పాట దరువు తలుపు సందుకెల్లి తొంగిజూడాలె.
ఆ సందు కోసమే
రెండు డెక్కుల మీద రెండు బొటనవేళ్లు పెట్టి
ఊపిరి ఉగ్గవట్టేటోడు.

ఒకనాడు ఏడో పాటకూ ఎనిమిదో పాటకూ నడుమ
భ్రమరమ్మ కేకేసింది:
"ఇగో, బువ్వ సల్లారుతుంది!"
దుకాణం పేరు జెప్పే మైకు
బందు చేసుడు మర్సింది నేనే.
మల్ల మొదటికెల్లి చేసే ఓపిక లేక
అట్లనే అమ్మిండు, పద్దెనిమిది రూపాయలకు.

ఇప్పుడాడ ఫోన్ కవర్లు అమ్ముతున్నరు.
డెక్కులు పాత ఇనుముల తూకానికి పోయినయ్.
లింగోజి పోయి గూడ ఆరేండ్లాయె.
క్యాసెట్ మాత్రం, సుయ్యిమనే చప్పుడుతో సహా,
సీడీకెక్కి, పెన్‌డ్రైవ్‌కెక్కి తిరుగుతనే ఉంది.

మొన్న చందుపట్ల బరాత్‌ల
అప్పటికి పుట్టని పోరగాళ్లు
ఏడో పాట అయిపోంగనే చేతులు లేపి ఆగిండ్రు.
డీజే బండి మీదికెల్లి ఆమె గొంతు.
వాడకట్టంతా ఒక్కటే అరుపు:
"బువ్వ సల్లారుతుంది!"
దభీమని ఎనిమిదో పాట.

పక్కకు నిలవడ్డ భ్రమరమ్మ కొంగు నోట్ల పెట్టుకున్నది.
"గంతగనం పిలిసినా
ఆనాడు తినలేదురా" అన్నది.
కుడికాలు అప్పటికే
దరువు మీద ఉంది.