గుండు, బద్ద, ముక్క

పలాసలో తెల్లారకముందే
బాయిలరు పొగ గొంతులో దిగుతుంది.
మొదటిరోజు కెమెరా సంచి దుప్పట్లో దాచుకుని వెళితే
పిక్కలు ఎత్తుకెళ్లేవాళ్లనుకుని వాచ్‌మన్ తరిమాడు.

కొర్ల దమయంతి
కాలితో మీట తొక్కుతుంది, చేత్తో పిక్క అందిస్తుంది.
పెంకు పగలాలి, పప్పు పగలకూడదు.
పగిలితే అది గుండు కాదు, బద్ద.
బద్దకి కూలి తక్కువ,
ముక్కకి మరీను.

జీడిసొన వేళ్ల మీది గీతల్ని తినేసింది.
మూడు నెలలుగా రేషను డిపోలో యంత్రం
ఆమెని ఒప్పుకోవడం లేదు.
"బొటనేలెట్టినాను, సూపుడేలెట్టినాను, సిటికినేలూ ఎట్టినాను.
నాను నాను కానంట బావూ!
మరి నానెవుల్ని?"
అని నవ్వింది.
పక్కపీట ఊర్వశి నవ్వింది.
షెడ్డు షెడ్డంతా నవ్వితే
మైకు ముల్లు ఎర్రగీత దాటిపోయింది.

పదకొండు రోజులు తీశాను.
విజయనగరంలో కంటోన్మెంటు వైపు అద్దెగదిలో
రాత్రుళ్లు కూచుని కోస్తుంటే
ఆ నవ్వొకటే అడ్డొచ్చింది.
నవ్వేవాళ్ల మీద ఎవరు జాలిపడతారు?
అర్జీకి నవ్వు పనికిరాదు.
"నానెవుల్ని" దగ్గర తెంపి
నల్లతెర వేసి
వేణువు పెట్టాను.

కలెక్టరాఫీసు హాల్లో చూపించాం.
లైట్లు వెలిగాక ఎవరూ మాట్లాడలేదు.
ఒకాయన కళ్లద్దాలు తుడుచుకున్నాడు.
తరవాత టీ వచ్చింది, ప్లేట్లలో వేయించిన జీడిపప్పు,
అన్నీ గుండ్లే.

నెల తిరిగేసరికి గ్లౌజుల కట్టలొచ్చాయి.
తొడుక్కుంటే పిక్క జారిపోతోందట.
షెడ్డు గోడన మేకులకి వేలాడుతున్నాయి
చేతులెత్తేసినట్టు.
డిపోకి కన్ను చూసే యంత్రం వచ్చింది.
దమయంతికి బియ్యం అందాయి.
ఊర్వశి కంట్లో శుక్లం,
ఆమెకి ఇంకా లేదు.
సినిమా ఏం చేసిందని అడిగితే
నేను చెప్పగలిగింది ఇంతే.

ఆఖరికి కాశీబుగ్గలో, యూనియనాఫీసు మేడమీద
దుప్పటి కట్టి వాళ్లకే వేశాం.
తమ చేతుల్ని మనిషెత్తున చూసుకున్నారు.
ఎవరూ ఏడవలేదు.
"నా గాజులు బాగా అవుపించినాయే" అంది ఒకామె.
దమయంతి పేర్లన్నీ పోయేదాకా కూచుని
నా వైపు తిరిగింది.
"బాగుంది గానీ,
అక్కడ నాను నవ్వినాను కదా,
అదేటి సేసినావు?"

నేను దుప్పటి మడత పెడుతున్నాను.

"పప్పు పగలగొట్టినావన్నమాట.
మాకైతే కూలి కోసేద్దురు."

తిరిగొచ్చి వెతికాను.
'వద్దు' అని నేనే పేరు పెట్టిన ఫోల్డరులో
తొమ్మిది సెకన్ల నవ్వు.
వేణువు తీసేసి అక్కడ అతికించాను.
అతుకు తెలుస్తోంది, తెలియనీ.
ఊర్వశి దగ్గొకటి మాత్రం
సరిగ్గా అక్కడే సగంలో తెగిపోతోంది.
దాన్నింకా సరిచెయ్యలేకపోతున్నాను.