చెవి దగ్గర విరిచి

సెయింట్ జార్జెస్ రేవులో సిమెంటు దిగుతోంది.
నాకు నాలుగు గంటల సెలవు.
వాన అందుకోకపోతే
ఆ మెట్లు ఎక్కేవాణ్ణి కాదు.

రెండు గదుల చాక్లెట్ మ్యూజియం.
కింద గాలాలూ వలలూ అమ్మే కొట్టు.
పైకి వెళ్తుంటే కోకో వాసన కమ్ముకుంటుందట.
"అట" అనే అంటాను,
పదకొండేళ్లుగా నా ముక్కులో డీజిలే కాపురం.
కొత్త పుస్తకం తెరిచినా డీజిలే,
మామిడికాయ తరిగినా డీజిలే.

టికెట్ చింపింది మిస్ ఎర్మిన్.
డెబ్బై దాటి ఉంటుంది,
పసుపు గౌను, మగవాళ్ల బూట్లు.
"రా డూడూ, ముందు తల తుడుచుకో"
తువ్వాలు విసిరింది.
ఈ దీవిలో అందరూ డూడూలే:
బస్సు డ్రైవరు, పోలీసు, పాలిచ్చే మేక.

ఒక రాగి బాన. ఒక తక్కెడ, తుప్పు పట్టిన తూకపు రాళ్లు.
ఫొటోలో, పట్టాల మీద జరిగే ఎండబెట్టే బల్ల.
మొదటి చినుక్కే
ఇంటి కిందికి దూరిపోతుందట కోడిపెట్టలా.
దాని మీద పరిచిన గింజల్లో
అరికాళ్లతో చాళ్లు తీస్తూ నడిచేవాళ్లట.
బూట్లు విప్పి చూపించింది,
గింజలు లేని చెక్క నేల మీద,
మడమ ఎత్తకుండా,
నిద్రపోతున్న పిల్లాడి పక్కనుంచి దాటుతున్నట్టు.

మనవడు కెల్లన్ కాయ పగలగొట్టాడు.
లోపల తెల్లని గుజ్జు, సీతాఫలం తొనల్లా.
చప్పరించి గింజ ఉమ్మేయాలి.
తీపి. దాని వెనకే తోసుకొచ్చిన పులుపు.
అంతవరకూ నా నాలుక పరువు నిలబెట్టింది.

తర్వాత చెక్కపలక మీద ఐదు ముక్కలు.
"ఇందులో నారింజ తొక్క.
ఇందులో పొగ, ఆ ఏడు ముసురు విడవక
గింజల్ని పొయ్యి పక్కన ఆరబెట్టారు.
ఇది మా అత్తగారు. చివర్లో మెత్తబడుతుంది."
బుద్ధిగా తలూపాను.
నాకు ఐదూ ఒకటే చేదు.
నాలుగోదానికి "ఆహా" కూడా అన్నాను.

ఆమె కుర్చీ లాక్కుని కూర్చుంది.
"నీకేమీ తెలియట్లేదు కదూ."
డీజిల్ సంగతి చెప్పాను.
నవ్వి, కెల్లన్ని ఐస్ తెమ్మని కిందికి పంపింది.
"నాకూ అంతే.
నాలుగేళ్ల కింద జ్వరం వచ్చి
పోతూ పోతూ వాసనలన్నీ మూటగట్టుకుపోయింది.
టికెట్ కొనేవాళ్లకి చెప్పకు."

మరి ఏ ముక్క ఏదో?
ఒకటి తీసి నా చెవి దగ్గర విరిచింది.
టక్.
ఇంకొకటి. టప్.
పాలు కలిసింది విరగనే విరగదు, మూలుగుతుంది.
వాన రోజున అన్నీ అబద్ధాలాడతాయి,
అందుకే పొద్దున్నే బియ్యం డబ్బాలో దాచిందట.
చప్పుడు దొరికితే చాలు,
పాత రుచి దానంతటదే లేచొస్తుంది.

నా పనీ అదే అన్నాను.
ఇనప కడ్డీ ఒక కొన బేరింగుకి,
ఇంకో కొన చెవికి ఆనించి
ఇంజనుకి ఒంట్లో ఎలా ఉందో అడుగుతాను.
"ఏమంటుంది?"
"ఎక్కువగా దాహమనే."

మూడో ముక్క మళ్లీ పెట్టింది.
ఈసారి చేదు దిగిపోయాక
నాలుకను అంచుల దగ్గర ఎవరో
దారం వేసి లాగుతున్నారు.
దీన్ని మేం వగరంటాం అన్నాను.
"వగరూ" అంది. "వగరూ."
ఆ మాటను కూడా కాసేపు నమిలింది.

రెండు బిళ్లలు కొన్నాను.
మెట్లు దిగుతుంటే జర్మన్ దంపతులు ఎదురొచ్చారు, గొడుగు దులుపుతూ.
పైనుంచి ఆమె గొంతు:
"ఇందులో నారింజ తొక్క, ఇందులో పొగ,
ఇందులో వగరూ..."
తన పెరట్లో కాసినట్టే చెబుతోంది.

రాత్రి డ్యూటీలో ఒక బిళ్ల తీశాను.
ఇంజను గది వేడికి విరగలేదు, వంగింది.
సెకండ్ ఇంజనీరు వేళ్లు నాక్కుంటూ
బాగుందన్నాడు.
ఏం బాగుందో చెప్పమని
తెల్లవారేదాకా అతన్ని వదల్లేదు.